గెర్షోం షోలెం: యూదు చరిత్ర, సాహిత్యం, మెస్సీయ ఉద్యమాలపై రచనలు

గెర్షోం షోలెం (1897–1982) బెర్లిన్‌లో పుట్టి జెరూసలేంలో స్థిరపడిన యూదు చరిత్రకారుడు. యూదుల మార్మిక సంప్రదాయమైన కబ్బాలాను వ్రాతప్రతుల ఆధారంగా పరిశోధించి, దానికి విశ్వవిద్యాలయ విద్యలో స్థానం సంపాదించిపెట్టాడు. హీబ్రూ, జర్మన్, ఇంగ్లీషు భాషల్లో వెలువడిన ఆయన రచనలు 500కు పైగా ఉన్నాయి. వాటిలో వ్రాతప్రతుల పట్టికలు, పరిష్కృత పాఠాలు, చరిత్ర గ్రంథాలు, విజ్ఞాన సర్వస్వ వ్యాసాలు, ఉత్తరాలు, ఆత్మకథ అన్నీ ఉన్నాయి. అంతకుముందరి చరిత్రకారులు మూఢత్వమనీ, యూదు జాతికి తలవంపులనీ పక్కకు నెట్టిన మార్మిక గ్రంథాలు, మెస్సీయ (రాబోయే విమోచకుడు) ఉద్యమాలు యూదు చరిత్రను లోపలినుంచి నడిపించిన శక్తులని నిరూపించడం ఈ రచనలన్నిటికీ ఉమ్మడి లక్ష్యం. ఆయన తేల్చిన విషయాల్లో కొన్ని తరవాతి పరిశోధనలో సడలిపోయాయి. ఆ సడలించిన పరిశోధన కూడా ఆయన సేకరించిన ఆధారాల మీదనే మొదలైంది.

జీవిత సంగ్రహం

షోలెం 1897 డిసెంబరు 5న బెర్లిన్‌లో జన్మించాడు. పుట్టినప్పటి పేరు గెర్హార్డ్. తండ్రి ఆర్థర్ షోలెం ముద్రణాలయం యజమాని. తల్లి పేరు బెట్టి. ఆ కుటుంబం జర్మన్ సమాజంలో దాదాపు కలిసిపోయిన మధ్యతరగతి యూదు కుటుంబం. నలుగురు అన్నదమ్ములు రాజకీయంగా నాలుగు దారులు పట్టారు. అన్న వెర్నర్ కమ్యూనిస్టు. జర్మన్ పార్లమెంటు సభ్యుడిగా పనిచేసి, 1940లో బుకెన్‌వాల్డ్ నిర్బంధ శిబిరంలో హతుడయ్యాడు. గెర్షోం చిన్న వయసులోనే జియోనిజం (యూదు జాతీయవాదం) వైపు, హీబ్రూ వైపు మొగ్గాడు. మొదటి ప్రపంచయుద్ధాన్ని వ్యతిరేకించినందుకు వెర్నర్ 1917లో అరెస్టయినప్పుడు, చిన్న కొడుకు అభిప్రాయాలను కూడా సహించలేక తండ్రి అతణ్ణి ఇల్లు వదిలి పొమ్మన్నాడు. ఆ తరవాత కొంతకాలం బస చేసిన వసతిగృహంలో జల్మన్ రుబాషొవ్ పరిచయమయ్యాడు. జల్మన్ షజార్ పేరుతో ఆయనే తరవాత ఇజ్రాయెల్ మూడవ అధ్యక్షుడయ్యాడు.

బెర్లిన్, యేనా, బెర్న్, మ్యూనిక్ విశ్వవిద్యాలయాల్లో షోలెం గణితం, తత్వశాస్త్రం, సెమిటిక్ భాషలు చదివాడు. యేనాలో తర్కవేత్త ఫ్రేగె ఉపన్యాసాలు విన్నాడు. గణితంలో స్థిరపడవలసిన విద్యార్థి క్రమంగా హీబ్రూ వ్రాతప్రతులకు మళ్ళాడు. 1922లో మ్యూనిక్ విశ్వవిద్యాలయంలో ‘సెఫెర్ హ బహీర్’ అనే కబ్బాలా గ్రంథం మీద డాక్టరేటు పొందాడు. 1923లో పాలస్తీనాకు వలస వెళ్ళి, జెరూసలేంలోని జాతీయ గ్రంథాలయంలో హీబ్రూ విభాగం చూసుకున్నాడు. యూదు గ్రంథాల కోసం డ్యూయీ దశాంశ వర్గీకరణను మార్చి ఆయన తయారుచేసిన పద్ధతి తరవాత కూడా గ్రంథాలయాల్లో వాడుకలో నిలిచింది. 1925లో హీబ్రూ విశ్వవిద్యాలయం ప్రారంభమైనప్పుడు యూదు మార్మికత బోధించే బాధ్యత ఆయనకు దక్కింది. 1933లో ఆచార్య పదవి పొంది, 1965లో విరమించాడు. 1958లో ఇజ్రాయెల్ పురస్కారం అందుకున్నాడు. 1968 నుంచి 1974 వరకు ఇజ్రాయెల్ విజ్ఞాన, మానవీయ శాస్త్రాల అకాడెమీకి అధ్యక్షుడిగా ఉన్నాడు. 1982 ఫిబ్రవరి 21న జెరూసలేంలో మరణించాడు.

పూర్వరంగం: పంతొమ్మిదో శతాబ్దపు యూదు అధ్యయనాలు

యూదు చరిత్రను, సాహిత్యాన్ని ఆధునిక పద్ధతుల్లో పరిశీలించే ప్రయత్నం పంతొమ్మిదో శతాబ్దపు జర్మనీలో మొదలైంది. లియొపోల్డ్ జున్జ్, మోరిట్జ్ స్టైన్‌ష్నైడర్, హైన్రిక్ గ్రెట్జ్ అందులో ముఖ్యులు. యూదులకు పౌర హక్కుల కోసం పోరాటం జరుగుతున్న రోజులవి. తమ మతం హేతుబద్ధమైనదనీ, నీతి ప్రధానమైనదనీ యూరపు సమాజం ముందు నిరూపించవలసిన ఒత్తిడి ఆ పండితుల మీద ఉండేది. తత్వవేత్త మైమొనిడీజ్, స్పెయిన్ యూదు కవులు ఆ చిత్రంలో చక్కగా ఇమిడారు. దేవుడిలోని పది శక్తులను గురించి, ఆత్మల పునర్జన్మను గురించి చెప్పే కబ్బాలా ఇమడలేదు. పదకొండు సంపుటాల గ్రెట్జ్ చరిత్రలో కబ్బాలా మీద తీవ్రమైన ఏవగింపు కనిపిస్తుంది. షోలెం యూదు చరిత్ర మీద ఆసక్తి పెంచుకున్నది కూడా బాల్యంలో గ్రెట్జ్ గ్రంథం చదివే.

ఈ పండితుల మీద షోలెం తీర్పు 1944లో హీబ్రూలో రాసిన వ్యాసంలో ఉంది. సజీవమైన జాతి గతాన్ని వాళ్ళు ముగిసిపోయిన విషయంగా చూశారనీ, నచ్చని భాగాలను కోసివేశారనీ ఆయన ఆరోపణ. ఆ వ్యాసం కటువుగా ఉంటుంది. జున్జ్, స్టైన్‌ష్నైడర్‌లు వేసిన పట్టికలు లేకపోతే షోలెం పని అంత వేగంగా సాగేది కాదన్నదీ నిజమే.

పద్ధతి: వ్రాతప్రతుల నుంచి చరిత్రకు

షోలెం పని మొదలుపెట్టేనాటికి కబ్బాలా గ్రంథాల్లో అధిక భాగం అచ్చు కాలేదు. అచ్చయినవాటికి కాలం, కర్త తెలియవు. కొన్ని గ్రంథాలు ప్రాచీన ఋషుల పేర్లతో చెలామణీలో ఉన్నాయి. అందువల్ల సిద్ధాంతాలు చెప్పడానికి ముందు పాఠాలు పోల్చడం, తేదీలు నిర్ణయించడం, ఎవరి వాక్యం ఎవరినుంచి వచ్చిందో కనిపెట్టడం తప్పనిసరి అయింది. 1927లో కబ్బాలా గ్రంథసూచి ప్రచురించాడు. లండన్, ఆక్స్‌ఫర్డ్, పారిస్, రోమ్ నగరాల్లోని గ్రంథాలయాల్లో వ్రాతప్రతులు పరిశీలించాడు. జెరూసలేంలోని ‘కిర్యత్ సెఫెర్’ పత్రికలో ఆ ఫలితాలు చిన్న చిన్న వ్యాసాలుగా వెలువడ్డాయి. సాధారణ పాఠకులకు పరిచయమైన పెద్ద గ్రంథాలన్నిటికీ పునాది ఈ నిశ్శబ్ద కృషే.

ఈ పద్ధతికి మరో పార్శ్వం ఉంది. షోలెం తాను విశ్వాసిగా గాని, సాధకుడిగా గాని రాయలేదు; భాషాశాస్త్రం, చరిత్ర సాధనాలుగా తీసుకున్నాడు. అయినా మార్మికుల అనుభవాన్ని మానసిక రుగ్మతగా గాని, సామాజిక కారణాల నీడగా గాని కుదించలేదు. మతం మూడు దశల్లో నడుస్తుందని ఆయన ప్రతిపాదన. మొదటిది దేవుడికీ మనిషికీ మధ్య దూరం తెలియని పురాణ దశ. రెండోది ధర్మశాస్త్రం, సంస్థ ఆ దూరాన్ని స్థిరపరిచిన దశ. మూడోది ఆ దూరాన్ని అంగీకరిస్తూనే దాటడానికి దారి వెదికే మార్మిక దశ.

కబ్బాలా ఆరంభం: ‘బహీర్’

‘బహీర్’ కబ్బాలా గ్రంథాల్లో మొట్టమొదటిది. పన్నెండో శతాబ్దపు చివర దక్షిణ ఫ్రాన్సులోని ప్రొవాన్స్‌లో అది వెలుగులోకి వచ్చింది. దేవుడి శక్తులను వృక్షంగా, అవయవాలుగా వర్ణించే చిన్న గ్రంథం. మ్యూనిక్‌లోని వ్రాతప్రతి ఆధారంగా షోలెం దాన్ని జర్మన్‌లోకి అనువదించి, వ్యాఖ్యతో 1923లో ప్రచురించాడు. అందులో ప్రాచీన నాస్టిక్ భావాల అవశేషాలు కనిపిస్తాయని వాదించాడు. తరవాతి నలభై ఏళ్ళలో ఆ అంశం 1948లో ఒక హీబ్రూ గ్రంథంగా, 1962లో మరింత విస్తరించిన జర్మన్ గ్రంథంగా పెరిగింది. జర్మన్ గ్రంథం ఆయన మరణానంతరం 1987లో ఇంగ్లీషులో వచ్చింది. ‘బహీర్’ నుంచి ప్రొవాన్స్‌కు చెందిన ఐజక్ ద బ్లైండ్‌కు, అక్కడినుంచి స్పెయిన్‌లోని గెరోనా పండితులకు భావాలు ఎలా సాగాయో ఇది వివరిస్తుంది. (చూ. నాస్టిసిజం)

‘జోహర్’ కర్తృత్వ వివాదం

కబ్బాలాకు మూలస్తంభమైన ‘జోహర్’ అరామిక్ భాషలో ఉంది. రెండో శతాబ్దానికి చెందిన రబ్బీ షిమొన్ బర్ యొహాయ్ దాని కర్త అని సంప్రదాయం. పదమూడో శతాబ్దపు చివర స్పెయిన్‌లో మోషె ద లియోన్ అనే పండితుడు దాన్ని ప్రచారంలోకి తెచ్చాడు. ఆయన 1305లో మరణించాక, మూలప్రతి ఏదీ లేదనీ, అంతా భర్త సొంతంగా రాశాడనీ ఆయన భార్య చెప్పినట్టు సమకాలీనుడైన ఐజక్ ఆఫ్ ఎకర్ పేరిట ఒక కథనం మిగిలింది. గ్రెట్జ్ దీన్ని ఆధారంగా తీసుకుని ‘జోహర్’ మోసమని కొట్టిపారేశాడు.

షోలెం మొదట గ్రెట్జ్ అభిప్రాయాన్ని అనుమానించాడు. 1925లో హీబ్రూ విశ్వవిద్యాలయంలో ఇచ్చిన తొలి ఉపన్యాసానికి ఇదే అంశం. మోషె ద లియోన్ కర్త అన్న వాదానికి ఆధారాలు చాలవని అప్పుడు భావించాడు. తరవాతి పదేళ్ళకు పైగా గ్రంథం భాషను పదపదంగా పరిశీలించి, తన అభిప్రాయాన్నే మార్చుకున్నాడు. ‘జోహర్’ అరామిక్ ప్రజలు మాట్లాడిన భాష కాదు. పుస్తకాల్లోంచి నేర్చిన కృత్రిమ భాష. దాని వాక్యనిర్మాణం కింద మధ్యయుగపు హీబ్రూ కనిపిస్తుంది. పాలస్తీనా భౌగోళిక వివరాలు తప్పుగా ఉన్నాయి. మైమొనిడీజ్ తదితర మధ్యయుగ రచయితల నుంచి తీసుకున్న భావాలున్నాయి. మోషె ద లియోన్ సొంత పేరుతో రాసిన హీబ్రూ గ్రంథాల్లోని పదజాలం, పొరపాట్లు ఇందులోనూ ఉన్నాయి. వీటినిబట్టి ముఖ్యభాగాన్ని ఆయనే 1275–1286 ప్రాంతంలో రాశాడని షోలెం తేల్చాడు. అయితే ప్రాచీనుల పేరుతో రాయడం మత సాహిత్యంలో అంగీకృతమైన పద్ధతి అనీ, దాన్ని మోసమనడం సరికాదనీ గ్రెట్జ్ తీర్పును మాత్రం తిరస్కరించాడు. కర్తృత్వం విషయంలో ప్రత్యర్థి పక్షానికి చేరుతూ, విలువ విషయంలో అతనికి ఎదురు నిలవడం షోలెం పాండిత్య నిజాయితీకి మంచి ఉదాహరణ. ఇటీవలి పరిశోధనలో యెహుదా లీబెస్ తదితరులు ‘జోహర్’ ఒక్కరి కృతి కాదని, ఒక పండిత బృందం కృషి అని ప్రతిపాదించారు. (చూ. జోహర్)

‘మేజర్ ట్రెండ్స్ ఇన్ జ్యూయిష్ మిస్టిసిజం’

1938లో న్యూయార్క్‌లో ఇచ్చిన ఉపన్యాసాలను విస్తరించి షోలెం 1941లో ఈ ఇంగ్లీషు గ్రంథాన్ని ప్రచురించాడు. ముందరి ఏడాది ఫ్రాన్స్–స్పెయిన్ సరిహద్దులోని పోర్త్‌బోలో ఆత్మహత్య చేసుకున్న మిత్రుడు వాల్టర్ బెన్యమిన్‌కు దాన్ని అంకితం చేశాడు. తొమ్మిది ఉపన్యాసాల్లో సుమారు రెండు వేల ఏళ్ళ చరిత్ర ఉంది. దేవుడి సింహాసన రథాన్ని దర్శించడానికి స్వర్గమండలాలు దాటే ప్రాచీన సాధకులతో మొదలై, మధ్యయుగ జర్మనీలోని భక్తులు, అక్షరాల ధ్యానం బోధించిన ఏబ్రహాం అబులాఫియా, ‘జోహర్’, లూరియా సిద్ధాంతం, షబ్బతాయి ఉద్యమం మీదుగా హసిదిజంతో ముగుస్తుంది. ఒక్కొక్క ప్రవాహాన్ని దాని కాలంలో, దాని ప్రదేశంలో నిలబెట్టి చూపడం ఈ గ్రంథం ప్రత్యేకత. యూదు మార్మికతను ఒకే సంప్రదాయ చరిత్రగా ఇంత సమగ్రంగా చెప్పిన తొలి గ్రంథం ఇదే. ఈ రంగంలో అడుగుపెట్టేవారు నేటికీ మొదట చదివేది దీన్నే.

మెస్సీయ భావన

షోలెం మెస్సీయ భావనను ప్రధానంగా 1959 నాటి ఒక ప్రసంగవ్యాసంలో వివరించాడు. 1971లో ఇంగ్లీషులో వచ్చిన ‘ద మెస్సయానిక్ ఐడియా ఇన్ జుడాయిజం’ సంకలనానికి అదే తొలి వ్యాసం. యూదు మతంలో విమోచన బహిరంగంగా, చరిత్ర వేదిక మీద, సమాజం మొత్తానికి జరగవలసిన సంఘటన అనీ, క్రైస్తవం దాన్ని మనిషి లోపలి ఆత్మకు సంబంధించిన విషయంగా మార్చిందనీ ఆయన తేడా చూపాడు. యూదు మెస్సీయ ఆశలో రెండు ధోరణులను గుర్తించాడు. ఒకటి దావీదు రాజ్యంవంటి పోయిన వైభవాన్ని తిరిగి తెచ్చుకోవాలన్న పునరుద్ధరణ ధోరణి. రెండోది ఇంతవరకు ఎన్నడూ లేని లోకాన్ని ఊహించే ఆదర్శ ధోరణి. ఈ రెండూ పెనవేసుకునే ఉంటాయి. ఇప్పుడున్న లోకం కూలిపోయాకనే కొత్తది వస్తుందన్న ప్రళయ దృష్టి వీటికి తోడవుతుంది. మైమొనిడీజ్‌వంటి తత్వవేత్తలు ఈ ప్రళయ దృష్టిని తగ్గించి, మెస్సీయ కాలమంటే యూదులు పరాయి పాలన నుంచి విడుదలై ధర్మశాస్త్రాన్ని నిశ్చింతగా ఆచరించే కాలమని చెప్పారు. షోలెం దృష్టిలో ప్రజల మనసులను కదిలించినది ప్రళయ దృష్టే.

ఇటువంటి ఉద్యమాలు యూదు చరిత్రలో తరచుగా వచ్చాయి. రోమన్లపై క్రీ.శ. 132–135లో తిరుగుబాటు నడిపిన బర్ కొఖ్‌బాను కొందరు మెస్సీయగా భావించారు. అబులాఫియా 1280లో పోపును కలవడానికి రోమ్ వెళ్ళాడు. సొలొమన్ మోల్ఖో 1532లో మాంటువాలో సజీవదహనమయ్యాడు. ప్రతి ఉద్యమం ఓటమితోనే ముగిసింది. యూదులు ఈ ఆశకు మూల్యం చెల్లించారని కూడా షోలెం అన్నాడు: ఎప్పుడో రాబోయే పూర్ణత్వం కోసం ఎదురుచూసే జీవితంలో వర్తమానం ఎప్పటికీ అసంపూర్ణంగా, వాయిదాపడినదిగా మిగిలిపోతుంది. (చూ. బర్ కొఖ్‌బా తిరుగుబాటు)

లూరియా సిద్ధాంతం

1492లో స్పెయిన్ నుంచి యూదుల బహిష్కరణ షోలెం చరిత్రలో కీలకమైన మలుపు. ఆ విపత్తు తరవాత గలిలయ ప్రాంతంలోని సఫేద్ పట్టణం కబ్బాలాకు కేంద్రమైంది. 1570లో అక్కడికి వచ్చిన ఐజక్ లూరియా రెండేళ్ళకే, 1572లో, మరణించాడు. ఆయన బోధలను ప్రధానంగా శిష్యుడు హయీమ్ విటాల్ గ్రంథస్థం చేశాడు. ఈ సిద్ధాంతం మూడు ఘట్టాలుగా సాగుతుంది. అనంతుడైన దేవుడు సృష్టికి చోటివ్వడానికి తనలోకి తాను ముడుచుకుంటాడు. ఆ ఖాళీలోకి ప్రసరించిన దివ్యకాంతిని పట్టవలసిన పాత్రలు భారం ఆపలేక పగిలిపోతాయి. కాంతి కణాలు చీకటి పొరల్లో చిక్కుకుంటాయి. మనుషులు ప్రార్థనలతో, ఆజ్ఞల ఆచరణతో ఆ కణాలను విడిపించి లోకాన్ని సరిదిద్దాలి.

ప్రవాసం యూదులకే కాక దేవుడికీ కలిగిన దుఃస్థితి అని చెప్పడం ద్వారా, తరిమివేయబడిన జనానికి తమ బాధలో విశ్వవ్యాప్తమైన అర్థం దొరికిందని షోలెం వాదన. ప్రతి యూదుడి ప్రతి చర్యా విమోచనను దగ్గర చేస్తుంది. మెస్సీయ వచ్చి ఆ పనిని మొదలుపెట్టడు. ఆ పని పూర్తయిందనడానికి అతని రాకే గుర్తు. పదిహేడో శతాబ్దం మధ్యకు ఈ సిద్ధాంతం యూదు లోకమంతటా వ్యాపించి, ఒక పెద్ద మెస్సీయ ఉద్యమానికి నేల సిద్ధం చేసిందన్నది ఆయన నిర్ణయం. (చూ. సఫేద్)

‘షబ్బతాయి జెవి’

1957లో హీబ్రూలో రెండు సంపుటాలుగా వచ్చిన ఈ గ్రంథం షోలెం కృషికి శిఖరం. ఆర్. జె. జ్వి వెర్బ్‌లోవ్‌స్కీ చేసిన ఇంగ్లీషు అనువాదం 1973లో వెలువడింది. అది దాదాపు వెయ్యి పుటల గ్రంథం.

షబ్బతాయి జెవి 1626లో ఒట్టొమన్ సామ్రాజ్యంలోని స్మిర్నా (నేటి ఇజ్మీర్) నగరంలో పుట్టాడు. ఆనందోద్రేకం, తీవ్ర విషాదం ఒకదాని వెంట ఒకటి అతణ్ణి ఆవహించేవి. ఉద్రేకంలో ఉన్నప్పుడు, పలకకూడని దైవనామాన్ని బహిరంగంగా పలకడం, సలొనికాలో తోరా గ్రంథంతో తనకు వివాహం జరిపించుకోవడంవంటి వింత చర్యలు చేశాడు. ఊరూరా వెలివేతకు గురయ్యాడు. సమకాలీన వర్ణనలన్నిటినీ పోల్చి, ఇవి ఉన్మాద–విషాద రుగ్మత లక్షణాలని షోలెం నిర్ధారించాడు. ఆ నిర్ధారణ నుంచి అసలు ప్రశ్న పుడుతుంది: ఇటువంటి వ్యక్తి వెనక యూదు లోకమంతా ఎందుకు నడిచింది?

షోలెం సమాధానం గాజాకు చెందిన నాథన్. 1665లో షబ్బతాయి తన మనోవ్యాధికి నివారణ కోరుతూ యువ కబ్బాలా పండితుడైన నాథన్ దగ్గరికి వెళ్ళాడు. నాథన్ అతణ్ణి రోగిగా చూడలేదు; నీవే మెస్సీయవని ప్రకటించాడు. నాథన్ రాసిన లేఖలు నెలల్లో ఖండాలు దాటాయి. ఉద్యమానికి ప్రవక్త, సిద్ధాంతకర్త, ప్రచారకుడు ఆయనేననీ, నాథన్ లేకపోతే షబ్బతాయి మరుగున పడిపోయేవాడనీ గ్రంథం చూపుతుంది.

1666లో యెమెన్ నుంచి పోలండ్ వరకు, ఆమ్‌స్టర్‌డాం నుంచి హాంబర్గ్ వరకు జనం ఉపవాసాలు, పశ్చాత్తాప ప్రార్థనలు చేశారు. కొందరు ఆస్తులు అమ్మి పవిత్రభూమికి ప్రయాణం సిద్ధం చేసుకున్నారు. జర్మనీకి చెందిన గ్లూకెల్ ఆఫ్ హామెల్న్ తన స్వీయచరిత్రలో, మామగారు ప్రయాణం కోసం నిలవ ఆహారం, బట్టలు పీపాల్లో నింపి హాంబర్గుకు పంపిన సంగతి రాసింది. హెచ్చరించినవారు తక్కువ. వారిలో ముఖ్యుడైన జేకబ్ సస్పోర్తస్ సేకరించిన ఉత్తరాలు చరిత్రకారులకు పెద్ద ఆధారం.

ఈ వ్యాప్తికి కారణం ఏమిటన్న చోట షోలెం వాదం బాగా బిగువుగా ఉంటుంది. 1648లో ఉక్రెయిన్‌లో జరిగిన మారణకాండే కారణమైతే ఉద్యమం పోలండ్‌లో పుట్టాలి. పుట్టింది ఒట్టొమన్ రాజ్యంలో. పేదరికమే కారణమైతే ఆమ్‌స్టర్‌డాం, లివోర్నో నగరాల సంపన్న వర్తకులు చేరకూడదు, చేరారు. అన్ని ప్రాంతాలకూ, అన్ని వర్గాలకూ ఉమ్మడిగా ఉన్నది లూరియా సిద్ధాంతం ఒక్కటేనని ఆయన తేల్చాడు.

1666 ఆరంభంలో ఒట్టొమన్ అధికారులు షబ్బతాయిని నిర్బంధించి, గలిపొలి కోటలో ఉంచారు. 1666 సెప్టెంబరులో ఎడిర్నెలో సుల్తాను నాలుగవ మెహ్మద్ సమక్షంలో, మరణమో మతాంతరమో తేల్చుకోవలసివచ్చినప్పుడు, అతడు ఇస్లాం స్వీకరించాడు. పది సంవత్సరాల తరవాత 1676లో, నేటి మాంటెనెగ్రోలోని ఉల్ట్సిన్‌లో, ప్రవాసంలో మరణించాడు. చాలామంది దుఃఖంతో, సిగ్గుతో పాత జీవితానికి తిరిగివెళ్ళారు. కొందరు వెళ్ళలేదు. చీకటి పొరల్లో చిక్కుకున్న చివరి కాంతి కణాలను విడిపించడానికి మెస్సీయ స్వయంగా ఆ చీకట్లోకి దిగాలని నాథన్ ఈ మతాంతరానికి అర్థం చెప్పాడు. (చూ. ఒట్టొమన్ సామ్రాజ్యం, యూదులు)

పాపం ద్వారా విమోచన: ఉద్యమం తరవాతి శాఖలు

ఈ మిగిలిన విశ్వాసుల చరిత్ర 1937లో ‘క్నెసెత్’ వార్షికలో షోలెం రాసిన సుదీర్ఘ హీబ్రూ వ్యాసానికి అంశం. మెస్సీయే ధర్మశాస్త్రాన్ని ఉల్లంఘించాడు కాబట్టి ఉల్లంఘనే పవిత్రమని ఒక వర్గం నమ్మింది. సలొనికాలో 1683లో సామూహికంగా ఇస్లాం స్వీకరించి, ఇంట్లో వేరే విశ్వాసం నిలుపుకున్న డోన్మే సమాజం ఏర్పడింది. 1923 నాటి గ్రీసు–టర్కీ ఒప్పందం మేరకు జరిగిన జనాభా మార్పిడిలో వాళ్ళు టర్కీకి తరలిపోయారు. పోలండ్‌లో జేకబ్ ఫ్రాంక్ (1726–1791) అనుచరులు 1759లో లవోవ్‌లో కాథలిక్కులుగా మారారు. ఫ్రాంక్ బంధువు మోజెస్ డొబ్రుష్కా ఫ్రెంచి విప్లవంలో చేరి 1794లో పారిస్‌లో గిలటిన్ కింద ప్రాణం విడిచాడు. ఆ విచిత్ర జీవితం మీద షోలెం ప్రత్యేకంగా రాశాడు.

రబ్బీల అధికారం బయటినుంచి వచ్చిన జ్ఞానోదయ ఉద్యమంతోనే కూలలేదనీ, లోపల ఈ రహస్య వర్గాలు దాన్ని ముందే వదులు చేశాయనీ, యూదు సంస్కరణ ఉద్యమాలకు ఈ వర్గాలకు సంబంధం ఉందనీ వ్యాసం వాదిస్తుంది. యూదు ఆధునికతకు ఇటువంటి మూలాన్ని చూపడం అప్పటికి కొత్త. ప్రసిద్ధ రబ్బీ జోనథన్ ఐబెషుట్జ్ రహస్యంగా షబ్బతాయి విశ్వాసి అన్న ఆయన నిర్ధారణ సంప్రదాయవాదులకు కోపం తెప్పించింది.

హసిదిజం, బూబర్‌తో వాదం

పద్దెనిమిదో శతాబ్దపు తూర్పు యూరపులో బాల్ షెమ్ తోవ్ (మ. 1760) చుట్టూ పెరిగిన హసిదిజాన్ని షోలెం కబ్బాలా చరిత్రలో చివరి దశగా లెక్కించాడు. షబ్బతాయి ఉద్యమం చేసిన గాయం తరవాత, లూరియా భావాలను నిలుపుకుంటూనే వాటిలోని మెస్సీయ ఆత్రుతను చల్లార్చి, విమోచనను వ్యక్తి హృదయంలోకి మళ్ళించడం హసిదిజం చేసిన పని అని వివరించాడు. శిష్యుడైన ఇషాయా టిష్బీ ఇందుకు అభ్యంతరం చెప్పి, తొలి హసీదుల్లోనూ మెస్సీయ ఆశ బలంగానే ఉందని చూపాడు.

మార్టిన్ బూబర్‌తో వాదం మరోరకమైనది. హసీదుల కథల ఆధారంగా, నిత్యజీవితాన్ని పవిత్రం చేసే మతంగా బూబర్ హసిదిజాన్ని పాశ్చాత్యులకు పరిచయం చేశాడు. కథలు ఆలస్యంగా అచ్చయ్యాయనీ, ఉద్యమ బోధ ముందుగా వచ్చిన సిద్ధాంత గ్రంథాల్లో ఉందనీ, బూబర్ తన తత్వాన్ని హసీదులకు అంటగట్టాడనీ షోలెం 1961లో విమర్శించాడు. చరిత్రగా చూస్తే షోలెం పక్షం బలమైనదే. అయితే ఒక భక్తి ఉద్యమం తన గురించి చెప్పుకున్న కథలను ద్వితీయ సాక్ష్యంగా తోసివేయడం కూడా నష్టమేనని తరవాతివారు గుర్తించారు.

సాహిత్యం, మిత్రులు, భాష

వాల్టర్ బెన్యమిన్‌తో 1915లో మొదలైన స్నేహం షోలెం రచనల్లో ఒక ప్రత్యేక శాఖ. తత్వవేత్త అడోర్నోతో కలిసి బెన్యమిన్ ఉత్తరాలను 1966లో ప్రచురించాడు. ఆ స్నేహ చరిత్ర 1975లో, తమ పరస్పర లేఖలు 1980లో వెలువరించాడు. బెన్యమిన్ 1921లో కొన్న పాల్ క్లే చిత్రం ‘ఆంగెలుస్ నోవుస్’ చివరికి షోలెంకు చేరింది. అది ఇప్పుడు జెరూసలేంలోని ఇజ్రాయెల్ మ్యూజియంలో ఉంది. హీబ్రూ నవలాకారుడు ఎస్. వై. ఆగ్నోన్‌కు షోలెం సన్నిహితుడు. ఆయన కథలు కొన్నిటిని జర్మన్‌లోకి అనువదించాడు.

1926లో తత్వవేత్త ఫ్రాంజ్ రోజెన్‌జ్వైగ్‌కు రాసిన లేఖ చిన్నదైనా ముఖ్యమైనది. ప్రార్థనల భాషైన హీబ్రూను బజారు భాషగా మార్చినంత మాత్రాన అందులోని మతశక్తి నశించదనీ, అది ఎప్పుడో తిరిగి పైకి లేస్తుందనీ అందులో హెచ్చరించాడు. జియోనిజాన్ని మెస్సీయ ఉద్యమంతో కలపరాదని ఆయన నిశ్చితాభిప్రాయం. అరబ్బులతో సమానత్వ ప్రాతిపదికన ఒప్పందం కోరిన బ్రిత్ షలోమ్ సంఘంలో సభ్యుడిగా ఉన్నాడు. రెండో ప్రపంచయుద్ధం ముగిశాక 1946లో, నాజీలు కొల్లగొట్టిన యూదు గ్రంథాలను గుర్తించి కాపాడే పని మీద యూరపు వెళ్ళాడు. నాజీ అధికారి ఐఖ్‌మన్ విచారణపై హన్నా అరెంట్ పుస్తకం గురించి 1963లో ఆమెతో జరిపిన తీవ్రమైన లేఖావాదంతో వారి స్నేహం తెగిపోయింది. ఆత్మకథ ‘బెర్లిన్ నుంచి జెరూసలేంకు’ 1977లో జర్మన్‌లో వచ్చింది.

విమర్శ

విస్తృతమైన విమర్శ మోషె ఐడెల్ నుంచి వచ్చింది. 1988లో వచ్చిన గ్రంథంలో ఆయన, షోలెం సిద్ధాంతాలకు ఇచ్చిన ప్రాధాన్యం సాధనకు, అనుభవానికి ఇవ్వలేదని వాదించాడు. లూరియా సిద్ధాంతాన్ని స్పెయిన్ బహిష్కరణకు ప్రతిస్పందనగా చూడడానికి ఆ గ్రంథాల్లోనే తగిన ఆధారం లేదన్నాడు. 1665 నాటికి ఆ సిద్ధాంతం తెలిసినవారు కొద్దిమంది పండితులేననీ, సామాన్య జనం దానివల్ల కదిలారనడం కష్టమనీ చూపాడు. ఇది షోలెం నిర్మాణంలోని ప్రధాన స్తంభాన్నే తాకే అభ్యంతరం.

యూదు విమోచన బాహ్యం, క్రైస్తవ విమోచన ఆంతరికం అన్న విభజనను జేకబ్ టౌబెస్ తోసిపుచ్చాడు: ఆశ విఫలమైన ప్రతిచోటా అది లోపలికి మళ్ళుతుందని ఆయన వాదం, నాథన్ వ్యాఖ్యానమే అందుకు సాక్ష్యం. షబ్బతాయి వర్గాల నుంచి జ్ఞానోదయానికి నేరుగా దారి గీయడాన్ని సామాజిక చరిత్రకారుడు జేకబ్ కాట్జ్ అంగీకరించలేదు. సాహిత్య విమర్శకుడు బరూఖ్ కుర్జ్‌వైల్ మరో కోణంలో దాడిచేశాడు: అరాచక, నిషిద్ధ ధోరణులను చరిత్ర కేంద్రంలో నిలబెట్టడం సంప్రదాయాన్ని లోపలినుంచి బలహీనపరచడమేనని ఆయన భావన. వీటిలో ఐడెల్, కాట్జ్‌ల అభ్యంతరాలు ఆధారాలకు సంబంధించినవి, వాటికి బరువెక్కువ. షబ్బతాయి ఉద్యమ సంఘటనల వరకు షోలెం కూర్చిన కథనం మాత్రం దాదాపు చెక్కుచెదరలేదు.

ప్రభావం

షోలెం రచనలు చరిత్ర శాఖను దాటి వ్యాపించాయి. అమెరికన్ విమర్శకుడు హెరాల్డ్ బ్లూమ్ కబ్బాలాను కవిత్వ సిద్ధాంతానికి వాడుకున్నాడు. అర్జెంటీనా రచయిత బోర్హెస్, యూదు కథల్లోని మట్టిమనిషి గోలెం మీద రాసిన కవితలో షోలెం పేరును అంత్యప్రాసగా పెట్టాడు. స్విట్జర్లాండ్‌లోని అస్కోనాలో ఏటా జరిగే ఎరానోస్ సదస్సుల్లో 1949 నుంచి ఆయన ఇచ్చిన ప్రసంగాలు మతాల తులనాత్మక అధ్యయనానికి తోడ్పడ్డాయి. 1965లో రెహొవోత్‌లోని వైజ్‌మన్ సంస్థ కొత్త కంప్యూటరుకు గోలెం అన్న పేరు పెట్టినప్పుడు, దాని ప్రారంభోత్సవంలో ఆయనే మాట్లాడాడు. 1970లలో వెలువడిన ‘ఎన్‌సైక్లొపీడియా జుడాయికా’లో కబ్బాలాకు సంబంధించిన ముఖ్య వ్యాసాలు ఆయనవే, అవి 1974లో ‘కబ్బాలా’ పేరుతో ప్రత్యేక గ్రంథంగా వచ్చాయి. సుమారు 25,000 గ్రంథాల ఆయన సొంత సేకరణ, అనేక పుస్తకాల అంచుల్లో ఆయన చేతిరాతతో ఉన్న గమనికలతో సహా, జెరూసలేంలోని ఇజ్రాయెల్ జాతీయ గ్రంథాలయంలో పరిశోధకులకు అందుబాటులో ఉంది.